ముద్ర ఒకరిది, రాత మరొకరిది

బీదరు పేరు చెప్పగానే ఇవాళ మనవాళ్లకు గుర్తొచ్చేవి నల్లటి లోహం మీద వెండితీగ మెరిసే బిద్రీ పాత్రలు, నానక్ ఝరా గురుద్వారా, ఆకాశంలో చక్కర్లు కొట్టే శిక్షణ విమానాలు. హైదరాబాదు నుంచి జహీరాబాదు మీదుగా పోతే పొద్దున బయల్దేరి సాయంత్రానికి తిరిగి రావచ్చు. అసలు 1956 దాకా ఆ జహీరాబాదు, నారాయణఖేడ్ కూడా బీదరు జిల్లాలోవే. చేతిపని మీద, చిన్న చిన్న ఫ్యాక్టరీల మీద బతుకుతున్న ఈ పట్నం ఒకప్పుడు పడమటి సముద్రం నుంచి తూర్పు సముద్రం దాకా పరుచుకున్న రాజ్యానికి రాజధాని. గోవా ఓడరేవు నుంచి రాజమండ్రి కోట వరకు ఎక్కడ ఎవరు కాపలా ఉండాలో, ఏ సర్దారు కింద ఎంతమంది సైనికులుండాలో, వాళ్లకు ఏటా ఎన్ని హొన్నులు ముట్టాలో ఇక్కడే తేలేది. ఆ లెక్కంతా ఒక పద్ధతిలో పెట్టిన మనిషిని 1481 ఏప్రిల్ 5న మన కృష్ణా తీరంలోని కొండపల్లి విడిదిలో తల నరికి చంపారు. రాజధాని కూలిపోవడం ఆ రోజే మొదలైంది.

ఆయన పేరు మహమూద్ గవాన్. పర్షియాలో కాస్పియన్ సముద్రపు ఒడ్డున గీలాన్ అనే సీమ ఉంది. పేరున్న కుటుంబంలో పుట్టి, అక్కడి దర్బారు తగాదాలకు దూరంగా వ్యాపారం పట్టుకుని దేశాలు తిరిగాడు. నలభై దాటాక, 1453 ప్రాంతంలో, దాభోల్ రేవులో ఓడ దిగి బీదరు చేరాడు. సరుకు అమ్ముకుని తిరిగి వెళ్లిపోవాల్సిన మనిషి. బహమనీ సుల్తాను రెండో అల్లాఉద్దీన్ ఆయన మాట తీరుకూ చదువుకూ ముచ్చటపడి ఉండిపొమ్మన్నాడు. ఉండిపోయాడు. మొదట అప్పజెప్పిన పెద్ద పని మన తెలంగాణలోనే. నల్లగొండ వైపు సుల్తాను బంధువు జలాల్ ఖాన్, అతని కొడుకు సికందర్ ఖాన్ తిరగబడితే అణచడానికి వెళ్లింది గవానే. వ్యాపారిగా వచ్చినవాడు సేనాని అయ్యాడు. ఆ తర్వాతి సుల్తాను హుమాయూన్ ఆయనకు మలిక్ ఉత్ తుజ్జార్ అనే బిరుదిచ్చాడు. వర్తకులకు ప్రభువు అని దానికి అర్థం. బహమనీ దర్బారులో అది చాలా పెద్ద గౌరవం.

హుమాయూన్ 1461లో చనిపోయేసరికి సింహాసనం మీద కూర్చున్నది ఎనిమిదేళ్ల పిల్లవాడు. పాలన ముగ్గురి చేతుల్లోకి వచ్చింది: రాజమాత, ఖ్వాజా జహాన్ అనే తుర్కు సర్దారు, గవాన్. పసివాడి రాజ్యమని తెలియగానే చుట్టుపక్కల వాళ్లు ఊరుకుంటారా? ఒడిశా నుంచి కపిలేంద్ర గజపతి సేనలు బీదరు దరిదాపుల దాకా వచ్చాయి. మరుసటి ఏడు మాళవ సుల్తాను మహమూద్ ఖిల్జీ ఏకంగా పట్నంలోకి చొరబడ్డాడు. రాజమాత పిల్లవాణ్ణి తీసుకుని దూరంగా వెళ్లిపోవాల్సి వచ్చింది. గుజరాతు సుల్తాను సాయం తెచ్చి, మాళవ సేనకు దాణా, గింజలు అందకుండా దారులు కట్టి, వాళ్లంతట వాళ్లు వెనక్కి పోయేలా చేసింది గవాన్. బీదరు అప్పుడే కూలిపోవలసింది. కూలలేదు. 1463లో ఆ పిల్లవాడు పోయి తమ్ముడు మూడో మహమ్మద్ షా తొమ్మిదో పదో ఏట రాజయ్యాడు. మరో మూడేళ్లకు ఖ్వాజా జహాన్ హతుడయ్యాడు. 1466 నుంచి రాజ్యభారం గవాన్ మీదే పడింది. ఆ తర్వాతి పదిహేనేళ్లూ బహమనీ రాజ్యానికి వెలుగు నిండిన కాలం.

ఆ కాలంలోనే వోల్గా తీరపు త్వేర్ పట్నం నుంచి అఫనాసీ నికితిన్ అనే రష్యన్ వ్యాపారి ఒక గుర్రాన్ని అమ్ముకోవడానికి తోలుకొచ్చి బీదరులో చాలాకాలం ఉన్నాడు. తాను చూసింది రాసిపెట్టాడు. సుల్తాను కోటకు ఏడు ద్వారాలు. ఒక్కో ద్వారం దగ్గర వందమంది కాపలావాళ్లు, వందమంది రాతగాళ్లు. లోపలికి ఎవరు పోతున్నారో కొందరు రాస్తారు, బయటికి ఎవరు వస్తున్నారో మరికొందరు రాస్తారు. పేరు రాయించుకోకుండా పరాయి మనిషి లోపలికి అడుగు పెట్టలేడు. నికితిన్ మరో మాట కూడా రాశాడు: దొరలు మహా వైభవంగా ఉన్నారు, వెండి పల్లకీల్లో ఊరేగుతున్నారు, పల్లెల జనం మాత్రం నిరుపేదలు. గవాన్ గురించి రాసేవాళ్లు చాలామంది ఈ రెండో మాటను వదిలేస్తారు. నాకు వదిలేయాలనిపించదు. ఆయన కొంకణం మీదికి, గోవా మీదికి, బెల్గాం మీదికి దండెత్తి పోయాడు. 1472లో గోవా పట్టుకుని ఏనుగుల మీద కొల్లసొమ్ముతో తిరిగివచ్చాడు. ఆ దండయాత్రల దారిలో ఉన్న ఊళ్లకు ఆయన మంచి మంత్రి అయితే ఒరిగిందేమీ లేదు. కానీ ఆయన ఎందుకు చచ్చిపోయాడో తెలియాలంటే దండయాత్రల కంటే పాలనలో చేసిన మార్పుల్ని చూడాలి.

బహమనీ రాజ్యం పుట్టినప్పటి నుంచి నాలుగు తరఫ్‌లుగా ఉండేది: గుల్బర్గా, దౌలతాబాదు, బీరారు, తెలంగాణ. తరఫ్‌కు అధికారి తరఫ్‌దారు. తన సీమలో కోటలన్నీ అతని చేతిలో ఉంటాయి, ఆ కోటల్లో ఖిల్లాదార్లు అతని మనుషులే. శిస్తు వసూలు చేసేది అతనే, సైన్యాన్ని పోషించేది అతనే. రాజ్యం చిన్నగా ఉన్నప్పుడు అది చెల్లింది. తూర్పున రాజమండ్రి, పడమట గోవా కలిశాక ఒక్కో తరఫ్ ఒక్కో రాజ్యమంత అయింది. సుల్తాను మాట వినాలా వద్దా అన్నది తరఫ్‌దారు ఇష్టం. మధ్యలో నలిగిపోయేది ఊళ్లు. దొరకు ఎంత కావాలంటే అంత శిస్తు. హద్దు ఎక్కడంటే అక్కడ.

గవాన్ నాలుగింటిని ఎనిమిది చేశాడు. బీరారును గావిల్‌గఢ్, మాహూరుగా చీల్చాడు. దౌలతాబాదులోంచి జున్నారును విడదీశాడు. గుల్బర్గాలోంచి బీజాపూరును వేరు చేసి దాన్ని తన కింద ఉంచుకున్నాడు. మన తెలంగాణను రాజమండ్రి, వరంగల్లు అని రెండు ముక్కలు చేశాడు. అంతటితో ఆగలేదు. తరఫ్‌దారు చేతిలో ఒక్క కోట మాత్రమే ఉండాలి. మిగతా కోటలకు ఖిల్లాదార్లను బీదరు నుంచే పంపాలి, వాళ్ల జీతం బీదరే ఇవ్వాలి. ప్రతి తరఫ్‌లో కొన్ని పరగణాలు ఖాల్సాగా, అంటే నేరుగా సుల్తాను ఖజానాకు శిస్తు కట్టేవిగా ఉండాలి. పొలాలు కొలిపించి, ఊళ్లకు పొలిమేరలు తేల్చి, దాన్నిబట్టి శిస్తు కట్టించాలి. సర్దార్ల జీతాలు పెంచాడు. ఐదు వందల మంది గుర్రపువాళ్లను నిలిపేవాడికి ఏటా లక్ష హొన్నులుండేది, దాన్ని లక్షా పాతిక వేలు చేశాడు. అయితే లెక్కకు ఒక్క మనిషి తక్కువొచ్చినా ఆ మేరకు కోత పడుతుంది.

ఇదంతా ఎవరికి కంటగింపు అయి ఉంటుందో వేరే చెప్పాలా? కాగితం మీద ఐదు వందల మందిని చూపి మూడు వందల మందితో సరిపెట్టే ప్రతి సర్దారూ ఆయనకు శత్రువయ్యాడు. నిన్నటిదాకా ఇరవై కోటల తాళాలు నడుముకు కట్టుకుని తిరిగినవాడికి ఇవాళ ఒక్క కోట మిగిలింది. పక్క కోటలో బీదరు నుంచి వచ్చిన కొత్త ఖిల్లాదారు కూర్చుని తన రాకపోకలు చూస్తున్నాడు. పైగా దర్బారులో ఎప్పటి నుంచో రగులుతున్న చిచ్చు ఒకటుంది. దక్కను గడ్డ మీద పుట్టి పెరిగిన వాళ్లు, ఆఫ్రికా నుంచి వచ్చిన హబ్షీలు ఒక జట్టు. పర్షియా, అరేబియా, తుర్కు దేశాల నుంచి ఓడ దిగిన పరదేశులు మరో జట్టు. గవాన్ పుట్టుకతో పరదేశి. పదవులు పంచేటప్పుడు మాత్రం రెండు జట్ల మధ్య తక్కెడ సమంగా పట్టడానికి ప్రయత్నించాడు. కొత్త తరఫ్‌లలో దక్కనీలకూ భాగమిచ్చాడు. అయినా ఆయన పుట్టుకను ఎవరూ మరిచిపోలేదు.

అందరిలోకీ ఎక్కువ గాయపడ్డవాడు మలిక్ హసన్. పుట్టుకతో పాథ్రీ ప్రాంతపు బ్రాహ్మణుడు, చిన్నతనంలోనే చెరపట్టబడి మతం మార్చబడి సుల్తాను కొలువులో పెరిగినవాడు. తెలివిలో, తెగువలో ఎవరికీ తీసిపోడు. తెలంగాణ మొత్తం తనదే అవుతుందనుకున్నాడు. చేతికొచ్చింది రాజమండ్రి సగం. వరంగల్లు సగం ఆజం ఖాన్‌కు పోయింది. ఆ ఆజం ఖాన్ ఒకప్పుడు గవాన్ నల్లగొండలో అణచిన సికందర్ ఖాన్ కొడుకు. తిరుగుబాటుదారు కొడుకును కూడా గవాన్ పక్కకు నెట్టలేదు.

ఈ గొడవలు ముదరకముందే 1472లో ఆయన బీదరులో మదరసా కట్టించాడు. సమర్‌ఖండ్, హిరాత్‌ల చదువుల బళ్లకు దీటుగా మూడంతస్తుల కట్టడం, నాలుగు వైపులా పెద్ద కమానులు, ముందు రెండు మినార్లు. గోడల నిండా నీలం, ఆకుపచ్చ, తెలుపు, పసుపు రంగుల పింగాణీ పలకలు. గ్రంథాలయంలో మూడు వేల పుస్తకాలుండేవని చెబుతారు. దూరదేశాల పండితులు వచ్చి పాఠాలు చెప్పారు. పారశీక కవి జామీతో గవాన్‌కు ఉత్తరప్రత్యుత్తరాలుండేవి. ఒట్టోమన్ సుల్తానుకు కూడా ఉత్తరాలు రాశాడు. ఆ ఉత్తరాలన్నీ కూర్చిన సంపుటి రియాజ్ ఉల్ ఇన్షా. ఉత్తరం ఎలా రాయాలో నేర్పే శాస్త్రం మీద ఆయన మరో పుస్తకం కూడా రాశాడు. అటు కైరో నుంచి ఇటు హిరాత్ దాకా ఆయన చేతిరాతను చదివి మెచ్చుకున్నవాళ్లున్నారు. అలాంటి మనిషి ప్రాణం తీసింది ఆయన రాయని ఉత్తరం.

1481 వేసవి మొదట్లో సుల్తాను తూర్పు దండయాత్రలో ఉన్నాడు. కొండవీడులో తిరుగుబాటు, ఒడిశా గజపతితో పేచీ, విజయనగర సేనాని సాళువ నరసింహుడితో తగవు. అక్కడి నుంచి మెరుపులా కంచి దాకా పోయి గుళ్లు కొల్లగొట్టి తిరిగి కొండపల్లి విడిదికి చేరాడు. వయసు ఇరవై ఏడు. పసితనంలో గవాన్ తండ్రిలా చూసుకున్నవాడే. తల్లి పోయాక అదుపు చేసేవాళ్లు లేక తాగుడుకు బానిసయ్యాడు. గవాన్‌కు కొడుకులాంటి అండ అయిన యూసుఫ్ ఆదిల్ ఖాన్ ఆ సమయానికి విడిదిలో లేడు. నరసింహుడి మీదికి సేనతో పోయి ఉన్నాడు. మలిక్ హసన్ వర్గం ఎదురుచూసింది ఆ వీలు కోసమే.

గవాన్ ముద్ర ఒక హబ్షీ బానిస దగ్గర ఉండేది. కుట్రదారులు అతనితో స్నేహం కలిపారు. కానుకలిచ్చారు. బాగా తాగించారు. ఒక ఖాళీ కాగితం ముందుపెట్టి, ఇది ఫలానా స్నేహితుడి లెక్కల పత్రం, మిగతా అధికారుల ముద్రలన్నీ పడ్డాయి, నీ దొరగారి ముద్ర ఒక్కటే తక్కువ అన్నారు. మత్తులో ఉన్నవాడు కాగితం విప్పి కూడా చూడలేదు. ముద్ర గుద్ది ఇచ్చేశాడు. ఆ తెల్ల కాగితం మీద, ముద్ర పైన, వాళ్లకు కావలసింది రాసుకున్నారు: ఒడిశా రాజుకు గవాన్ రాస్తున్నట్టు, ఈ సుల్తాను తాగుబోతుతనంతో, క్రూరత్వంతో విసిగిపోయామని, మీరు దండెత్తి రండి, సరిహద్దులో అడ్డుపడే సర్దారు లేడు, గెలిచాక రాజ్యం చెరిసగం చేసుకుందామని. మలిక్ హసన్ పక్కనుండగా ఆ ఉత్తరం సుల్తాను చేతికి అందింది.

ఏడు ద్వారాల దగ్గర వచ్చేపోయే ప్రతి మనిషి పేరూ రాసుకునే ప్రభుత్వం అది. ఒక సైనికుడు తక్కువైతే జీతం కోసే ప్రభుత్వం. అలాంటిచోట ఈ ఉత్తరం ఎక్కడ దొరికింది, ఎవరు పట్టుకెళ్తుంటే దొరికింది, మోసుకెళ్లినవాడేడీ అని అడిగిన మనిషి ఒక్కడు లేడు. ఈ కథ చదివినప్పుడల్లా నాకు గొంతు పట్టేసేది ఇక్కడే. తరఫ్‌దారు మీద ఖిల్లాదారును, ఖిల్లాదారు మీద బీదరును కాపలా పెట్టినవాడు ఆ బీదరు మీద ఎవరినీ పెట్టలేకపోయాడు. పెట్టే వీలు ఆ కాలంలో ఏ మంత్రికీ లేదు. ఆయన కట్టిన వ్యవస్థంతా చివరికి ఒక తాగిన కుర్రవాడి చూపు దగ్గర ఆగిపోయింది.

సుల్తాను కబురు పంపాడు. వెళ్లొద్దని స్నేహితులు బతిమాలారు. ఇక్కడే వెయ్యి గుర్రాలు సిద్ధంగా ఉన్నాయి, రాత్రికి రాత్రి గుజరాతు వెళ్లిపోదాం అన్నవాళ్లూ ఉన్నారు. హుమాయూన్ కొలువులో తెల్లబడ్డ గడ్డం ఇది, కొడుకు కొలువులో నెత్తుటితో ఎర్రబడితే అదే గౌరవం అన్నట్టుగా ఆయన జవాబిచ్చాడని చరిత్రకారుడు ఫిరిష్తా రాశాడు. డెబ్భై ఏళ్ల ముసలాయన నడిచి వెళ్లాడు. రాజద్రోహికి ఏం శిక్ష వేయాలని సుల్తాను అడిగాడు. మరణశిక్షే అన్నాడు గవాన్. అప్పుడు ఉత్తరం చూపించారు. చదివాడు. ముద్ర నాదే, రాత నాది కాదు అన్నాడు. ఉత్తరాల మీద శాస్త్రం రాసినవాడు ఆ మాట అన్నప్పుడు ఒక్క గడియ ఆగి వినాల్సింది. సుల్తాను ఆగలేదు. జౌహర్ అనే హబ్షీకి సైగ చేసి లేచి అంతఃపురంలోకి వెళ్లిపోయాడు. ఈ ముసలివాడు పోతే పోయేదేమీ లేదు, నీ రాజ్యం పోతుంది అని గవాన్ చివరి మాటగా చెప్పాడంటారు.

చంపించిన వెంటనే సుల్తానుకు గుర్తొచ్చింది ఆయన ఆస్తి. పదిహేనేళ్లు రాజ్యమేలిన మంత్రి దగ్గర గుట్టలుంటాయనుకుని విడిది దోపిడీకి వదిలేసి, ఖజానాదారును పిలిపించాడు. అతను చెప్పిన లెక్క విని దర్బారు దిమ్మెరపోయింది. గవాన్‌కు రెండు ఖజానాలు. ఒకటి రాజుగారిది: జాగీరు మీద వచ్చిందంతా సైనికుల జీతాలకూ, ఏనుగులూ గుర్రాల మేపుకూ పోతుంది, మిగిలితే బీదసాదలకు పోతుంది. రెండోది తన సొంతం: గీలాన్ నుంచి తెచ్చుకున్న పెట్టుబడిని వ్యాపారంలో తిప్పి, ఆ లాభంలోంచే రోజూ తిండికి ఖర్చు చేసుకునేవాడు. వంట మట్టికుండల్లో. పడక చాప మీద. రెండు ఖజానాల్లోనూ దొరికింది మామూలు వర్తకుడి పెట్టెలో దొరికేపాటి సొమ్ము. ఖజానాదారు అక్కడితో ఊరుకోలేదు. ఆ ఉత్తరం మోసినవాణ్ణి చూపించమని సుల్తాను ఎదుటే అడిగాడు. అడగాల్సిన ప్రశ్న అది. అడిగేసరికి తల తెగిపడి ఉంది.

సుల్తానుకు కళ్లు తెరుచుకున్నాయి. శవపేటికను మర్యాదలతో బీదరుకు పంపించాడు. ఊరి బయట ఇప్పటికీ ఆయన సమాధి ఉంది. పైన గుమ్మటం లేదు, ఆడంబరం లేదు. తరఫ్‌దార్లు మాత్రం చూడాల్సింది చూసేశారు. గవాన్ అంతటివాడికే విచారణ లేకపోతే మన గతేమిటి అని యూసుఫ్ ఆదిల్ ఖాన్, బీరారు ఫతుల్లా ఇమాద్ ఉల్ ముల్క్ తమ సేనల్ని సుల్తాను విడిదికి దూరంగా దింపారు. పిలిస్తే దగ్గరికి రావడం మానేశారు. తోడుగా నడుస్తున్నట్టే ఉంటారు, అందేంత దూరంలో ఉండరు. సుల్తాను మరింత తాగాడు. 1482 మార్చిలో, ఏడాది తిరగకముందే, గవాన్ వచ్చి నన్ను చీల్చేస్తున్నాడని కేకలు పెడుతూ ఇరవై ఎనిమిదో ఏట చచ్చిపోయాడు.

మలిక్ హసన్‌కు కోరుకున్నది దక్కింది. పన్నెండేళ్ల కొత్త సుల్తాను మహమూద్ పక్కన రాజ్యాధికారం చేతపట్టాడు. కొన్నేళ్లకే ఆ బీదరులోనే, తాను నమ్మిన పట్నపు అధికారి చేతిలో చచ్చాడు. గవాన్‌ను చంపి తెచ్చుకున్న పెత్తనం ఆ పాటిదే. అతని కొడుకు అహ్మద్ జున్నారులో స్వతంత్రుడై అహ్మద్‌నగర్ రాజ్యం స్థాపించాడు. బీజాపూరులో యూసుఫ్, బీరారులో ఫతుల్లా 1490 ప్రాంతానికి ఎవరికివారు సొంతంగా ఏలుకోవడం మొదలుపెట్టారు. తర్వాత గోల్కొండలో సుల్తాన్ కులీ. ఒక కోటకు మించి ఉండకూడదని గవాన్ ఎవరి చేతులు కట్టాడో వాళ్లూ, వాళ్ల వారసులూ సుల్తానులయ్యారు. బీదరులో మిగిలిన బహమనీ రాజుకు కోటగోడల మధ్యనే రాజ్యం. మంత్రి కాసిం బరీద్, అతని తర్వాత కొడుకు అమీర్ బరీద్ ఆ రాజుల్ని బొమ్మల్లా కూర్చోబెట్టి ఏలారు.

ఊరు ఒక్కరోజులో పాడుబడలేదు. బరీద్‌లు కోటలో రంగీన్ మహల్‌ను ముత్యపు చిప్పల పొదుగుడుతో తీర్చిదిద్దారు. బిద్రీ పని సాగింది. జింకు, రాగి కలిపి పోత పోసి, చెక్కి, వెండితీగ దిగ్గొట్టి, చివరకు కోటలోని పాత మట్టితో రుద్దితే లోహం కాటుకలా నల్లబడుతుంది, వెండి మాత్రం తెల్లగా నిలుస్తుంది. అదే మట్టి కావాలని పనివాళ్లు ఇప్పటికీ కోట మూలలు వెతుకుతారు. 2006లో ఆ పనికి భౌగోళిక గుర్తింపు కూడా వచ్చింది. మదరసాకు అంత అదృష్టం లేదు. ఔరంగజేబు కాలంలో, 1690ల్లో, అందులో నిల్వపెట్టిన తుపాకిమందు పేలి ముందుభాగంలో సగం, ఒక మినారు కుప్పకూలాయి. పాఠాలు చెప్పిన గదుల్లో మందుగుండు పేర్చిన ప్రభుత్వానికి అది ఎవరు కట్టించారో, ఎందుకు కట్టించారో పట్టలేదు. మిగిలిన మినారు మీద నీలం పలకలు కొన్ని ఇంకా అంటిపెట్టుకుని ఉన్నాయి.

బహమనీల్లో చివరివాడు కలీముల్లా. 1526లో బాబరు ఢిల్లీ గెలిచాడని విని అతనికి రహస్యంగా కబురంపాడు: నన్ను బరీద్ చెర నుంచి విడిపిస్తే బీరారు, దౌలతాబాదు నీకిస్తానని. ఆ రెండూ అప్పటికి తన చేతిలో లేవు. కబురు బయటపడింది. కలీముల్లా ప్రాణభయంతో బీదరు వదిలి మొదట బీజాపూరుకు, తర్వాత అహ్మద్‌నగర్‌కు పారిపోయాడు. మలిక్ హసన్ వంశం ఏలుతున్న ఆ ఊళ్లోనే పోయాడు. బీదరును బరీద్‌లు మరికొన్ని తరాలు ఏలారు. 1619లో బీజాపూరు సుల్తాను ఇబ్రహీం ఆదిల్‌షా దాన్ని తన రాజ్యంలో కలిపేసుకున్నాడు. నాలుగు తరఫ్‌లను ఎనిమిది చేసినప్పుడు గవాన్ తన కింద ఉంచుకున్న తరఫ్ ఆ బీజాపూరే.